మీసం ఉన్న నాయన

కంటికి గుడ్డ కట్టాక ఒక రాత్రంతా గడిచింది గానీ ఈ గంట మాత్రం గడవనంటోంది. డాక్టరుగారొచ్చి విప్పేదాకా చెయ్యి పైకి పోనీయబాకు మామ్మా అని నర్సమ్మాయి సుప్రజ చెప్పి వెళ్ళినప్పటి నుంచి రాజమ్మ రెండు చేతులూ ఒడిలో పెట్టుకుని, ఒకదాన్ని ఇంకొకదానికి కాపలా ఉంచి కూర్చుంది. నరసరావుపేట బస్టాండుకి దగ్గరే ఈ కంటాసుపత్రి. వరండాలో బల్లమీద కూర్చుంటే పిడుగురాళ్ళ, మాచర్ల అని కండక్టర్ల కేకలు, ఎక్కడో మిరపకాయ బజ్జీలు వేగుతున్న వాసన, ఆ వాసన మీద ఫినాయిలు వాసన. ఎడమకన్ను పోయి చాలా ఏళ్ళయింది, దానికి పగలూ రాత్రీ తేడా తప్ప ఇంకేమీ తెలియదు. ఉన్న కుడికంటికి శుక్లం ముదిరి మనుషులంతా పాలమీగడ వెనక నిలబడ్డట్టు కనపడుతుంటే, ఈ వయసులో ఇంకేం చూడాలిలే, చూసినవి చాలు అని ఇన్నాళ్ళూ వాయిదా వేసింది. పోయిన నెలలో మనవడు జోయెల్ ఫోన్ చేత్తో పట్టుకుని పరిగెత్తుకుంటూ వచ్చి, మామ్మా, మీ నాయన యాక్ట్ చేసిన టాకీ దొరికింది అనేదాకా. ఆ మర్నాడే ఆమె, ఆపరేషన్ చేయించు నాయనా అంది.

జోయెల్ వరండాలో అటూ ఇటూ తిరుగుతున్నాడు, వాడి చెప్పుల చప్పుడు ఆమెకి తెలుసు, కుడికాలు కొంచెం ఈడుస్తాడు వాళ్ళ నాన్న లాగే. వాళ్ళ ఇంట్లో డిగ్రీ పట్టా మొదట తెచ్చింది వాడే, ఇప్పుడు కాలేజీలో పాఠాలు చెబుతాడు, అయినా ఫోన్లో మాట్లాడేటప్పుడు పొలం గట్టుమీద నుంచి పిలిచినట్టే అరుస్తాడు. “ఫహీమ్, ఒక్క గంట ఆగవయ్యా, అన్నీ ప్రింట్ కొట్టుకో, మాది ఒక్కటి ఆపు. మా మామ్మ చూసి చెప్పిద్ది.” ఫహీమ్‌ది ఫ్లెక్సీల షాపు. రేపటి నుంచి టౌనుహాల్లో నాటక పరిషత్తు పోటీలు. పల్నాటి పాతకాలపు నటుల బొమ్మలతో వరసగా ఫ్లెక్సీలు కడుతున్నారు, అందరివీ ఫొటోలు వచ్చాయి, రాజమ్మ నాయన బాలశౌరిది తప్ప. బాలశౌరి, స్త్రీ పాత్రధారి అని పేరు సిద్ధంగా ఉంది, పైన మొహం ఉండాల్సిన చోటు ఖాళీ. రాణి వేషంలో తీయించుకున్న ఫొటో ఒకటి ఉండేది ఇంట్లో, ఇల్లు కురిసిన ఏడాది అది అద్దానికి అంటుకుపోయి, ఊడదీస్తే రాణి అద్దంమీదా, అట్ట చేతుల్లోనూ మిగిలింది. ఇక మిగిలింది ఆ టాకీయే. అందులో సింహాసనం వెనక ఈటెలు పట్టుకుని ఐదుగురు భటులు నిలబడతారు, ఐదుగురికీ మీసాలు, ఐదుగురికీ తలపాగాలు. వాళ్ళలో ఒకడు నాయన. ఎవరన్నది చెప్పగలిగిన మనిషి భూమ్మీద ఒక్కతే మిగిలింది, ఆమె కంటికి గుడ్డ కట్టి ఉంది.

“ఆ చివర పొడుగ్గా ఉన్నాయనే మామ్మా, ఆ ముక్కు చూడు, అచ్చం నీ ముక్కే” అని జోయెల్ ఇప్పటికే తీర్మానం చేసేశాడు. అదే బొమ్మ కత్తిరించి షాపుకి పంపించాడు కూడా, మామ్మ ఊ అంటే కొట్టేయటమే. కానీ ఊ అనటానికి ఆమెకి ధైర్యం చాలటం లేదు. ముక్కులదేముంది, పల్నాట నూరుముక్కుల్లో యాభై అలాగే ఉంటాయి. ఎవరో ముక్కూమొహం తెలియని మనిషి, ఏ ఊరివాడో ఏ తల్లి కన్నవాడో, రేపు టౌనుహాల్లో నాయన పేరుమీద నిలబడితే, దండ వేయించుకుంటే, ఆ పాపం ఎవరిది.

పక్కన బల్ల కిర్రుమంది. జాన్‌బీ. నిన్న ఆపరేషన్ గదిలోకి ఇద్దరినీ ఒకరి వెనక ఒకరిని తీసుకెళ్ళారు, అప్పటి నుంచి ఇద్దరూ ఒకరికొకరు గొంతులే. నకరికల్లు మనిషి, భర్త లారీ మెకానిక్కు. గొంతునుబట్టి నిలువెత్తు మనిషై ఉంటుందని రాజమ్మ అనుకుంది.

“అక్కా, కట్టిప్పంగానే నీకు ఏం చూడాలనుంది?”

“మా నాయనను.”

“అరె అల్లా, ఇంకా ఉండాడా! నీకే ఎనభై దాటినయ్యంటివి గదా.”

“ఫోన్లో ఉన్నాడు.”

“ఫోన్లోనా. మంచిదేలే, అన్నం పెట్టే పన్లా.” జాన్‌బీ నవ్వింది, నవ్వితే గాజులు గలగలమన్నాయి. “నాకైతే కట్టిప్పంగానే ఎదురుగా మా కోడలు ముంతాజ్ నిలబడి ఉంటది. దాని మొకం మసగ్గా కనపడ్డన్ని రోజులే మేమిద్దరం బాగుండామక్కా, ఇప్పుడేమయిద్దో ఏందో.”

నవ్వకమ్మా, కంటికి మంచిది కాదు అని డాక్టరుగారు అన్నారుగానీ రాజమ్మకి నవ్వాగలేదు, నవ్వు కడుపులోనే కదిలి భుజాలదాకా వచ్చింది. నాయన కూడా ఇలాగే నవ్వేవాడు, చప్పుడు లేకుండా, పళ్ళు కనపడనీయకుండా. రాణులు పళ్ళు బయటపెట్టి నవ్వరమ్మా అనేవాడు, ఇంట్లో ఎవరు రాణి, కందిపప్పు రుబ్బుతూ కూర్చున్న అమ్మా, ముక్కు కారుతున్న తనా. చర్చిగుడిలో పాటలు పాడే కుర్రవాడట ముందు, ఆ గుడి విచారణ చూసే ఫాదరుగారు నేర్పిన పాటలు, ఆ గొంతు హార్మోనియం మేస్త్రి ఒకాయన చెవిన పడి, ఈ గొంతు మగవేషానికి దండగ అని నాటకసమాజంలోకి లాక్కెళ్ళాడట. ఆడవాళ్ళు రంగమెక్కితే వెలివేసే రోజులు, ఏ నాటకంలోనైనా రాణి మగవాడే, చెలికత్తె మగవాడే. మొహానికి అర్దళం రంగు పూసి, కళ్ళకి కాటుక తీర్చి, సవరం పెట్టుకుని నాయన తెర దాటి వస్తే పెట్రోమాక్స్ లైట్లు ఇంకొంచెం వెలిగేవని జనం చెప్పుకునేవాళ్ళు. కాటిలో బిడ్డ శవాన్ని ఒళ్ళో పెట్టుకుని రాణి ఏడ్చే ఘట్టం, అక్కడ పద్యం ఎత్తుకున్నాడంటే చివర బండ్లమీద కూర్చున్న ఆడవాళ్ళ ఏడుపు ముందుకి వినపడేది. వన్స్‌మోర్ అంటే మళ్ళీ ఏడ్చేవాడు, మళ్ళీ అంటే మళ్ళీ, కోటప్పకొండ తిరనాళ్ళలో ఒకసారి ఆ బిడ్డ వేషం వేసిన పిల్లగాడు, ఇంకెన్నిసార్లు చావాల శౌరిమామా అని లేచి కూర్చున్నాడట. పెద్ద కమ్మోరి ఇళ్ళలో పట్టుచీరలు అడిగి తెచ్చేవాళ్ళు రాణి వేషానికి, ఏ ఇంటి చీర కట్టాడో ఆ ఇంటావిడ మర్నాడు నలుగురిలో తలెత్తుకుని తిరిగేది. గుమ్మం లోపలికి రానివ్వని ఇళ్ళే అవి, అయినా నాయన కట్టి విప్పిన చీరని వాళ్ళు ఉతక్కుండా మడతపెట్టి పెట్టెలో దాచేవాళ్ళట, అమ్మ ఈ మాట చెప్పి మూతి తిప్పేది, తిప్పుతూనే మురిసేది.

మీసం. అసలు కష్టమంతా మీసంతోనే. పల్నాట మీసం తీసేశాడంటే తండ్రి పోయాడని లెక్క. నాయనకి నాటకం ఉన్నా లేకున్నా మూతి నున్నగా ఉండాల్సిందే, రోజూ పొద్దున్నే మంగలి కత్తి కింద కూర్చునేవాడు. ఒరేయ్ బాలశౌరీ, నీకు ఎందరు నాయనలురా, రోజుకొకడు పోతన్నాడు అని రచ్చబండ దగ్గర కేక వేసేవాళ్ళు. అమ్మమ్మ అయితే పెళ్ళికి ఒప్పుకోలేదట, మీసం లేని అల్లుణ్ణి మా వాడలోకి ఎట్టా తీసుకుపోను ఫాదరుగారూ అని మొత్తుకుందట. నాయన పొలంలో మిరపమొక్కకి పాదు తీస్తూ కూడా పద్యం నెమరువేసుకునేవాడు. అనేవాళ్ళని అననీయండిరా, రాత్రికి వాళ్ళే ఏడుస్తారు అనేవాడు.

తరవాత టాకీలు వచ్చాయి. ముందు గుంటూరులో, ఆ తరవాత పేటకి, ఆ తరవాత డేరా వేసుకుని ఊళ్ళమీదికి. తెరమీద రాణి నిజంగా ఆడమనిషే. చెంపమీద కారే కన్నీళ్ళు బండెడంత కనపడేవి. ఒకసారి అది చూసిన కళ్ళకి నాయన మెడలో గుటకపడే గొంతుముడి కనపడటం మొదలయింది, అంతకుముందు పదేళ్ళుగా అది అక్కడే ఉంది, ఎవరికీ కనపడలేదు. నాటకాలు మాట్లాడే కంట్రాక్టర్లు, ఆడవేషానికి ఆడమనిషి ఉంటేనే అనటం మొదలుపెట్టారు. అప్పుడే మద్రాసు నుంచి టాకీ కంపెనీ మనిషి ఒకాయన తిరనాళ్ళకి వచ్చి, నాటకం చూసి, సమాజంలో నలుగుర్ని రమ్మన్నాడు. నాయన రాణి వేషానికే అనుకుని రైలెక్కాడు. సవరం కూడా పెట్టెలో పెట్టుకుపోయాడు. అక్కడ వాళ్ళు నవ్వి, ఆడవాళ్ళకి ఆడవాళ్ళు ఉన్నారయ్యా, నువ్వు మీసం పెంచు అన్నారట. అతికించుకునే మీసమైతే దీపాల వేడికి ఊడిపోతుందట. నాయన మీసం పెంచాడు, పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి. పెంచి, తను పదేళ్ళు ఏడ్చిన ఏడుపు ఇంకొకామె ఏడుస్తుంటే, వెనక ఈటె పట్టుకుని నిలబడ్డాడు.

“మామ్మా, మంచినీళ్ళు కావాల్నా?” జోయెల్. వద్దంది. “ఫహీమ్ మళ్ళీ చేశాడు. మిషన్ ఆపుకుని కూర్చున్నాడంట పాపం. నువ్వు కట్టిప్పాక నిదానంగా చూడు, కంగారేం లేదు” అన్నాడు, కంగారంతా వాడి గొంతులోనే ఉంది. మళ్ళీ ఫోన్ మోగితే అరుచుకుంటూ మెట్లు దిగిపోయాడు.

వాడు దూరం పోయినట్టు చప్పుడు తేలాక జాన్‌బీ కొంచెం దగ్గరికి జరిగింది. “అంత భయపడతావేందక్కా, కన్నతండ్రిని గుర్తుపట్టవా? నడక చూస్తే తెలవదా?”

“నడవరంట. నిలబడే ఉంటారంట, గుంజల్లాగా.”

“అయితే మొకం చూడు.”

“మొకానికి మీసం ఉంది గదమ్మా” అంది రాజమ్మ. ఈ మాట జోయెల్‌తో అనలేదు, ఎవరితోనూ అనలేదు. “మీసంతో నేనాయన్ని ఒక్కసారే చూశా. చూసి కేకేశా.”

అది మిట్టమధ్యాహ్నం, తీసిన పత్తి ఇంటిముందు కుప్పపోసి ఉంది, తను దాంట్లో దొర్లుతోంది, దొర్లవద్దని అమ్మ చెప్పినా. ఎండలోంచి ఒక మనిషి వచ్చి నిలబడ్డాడు. చేతిలో రేకుపెట్టె, మొహాన ఇంత మీసం. రాజీ, అన్నాడు. అమ్మో, అమ్మా, ఎవడో వచ్చాడు అని తను గుండెలు పగిలేట్టు అరిచి పత్తిలో తల దూర్చేసింది. అమ్మ రోకలి పట్టుకుని బయటికి వచ్చింది. అమ్మ కూడా ఒక గడియ పోల్చుకోలేదని తరవాత ఒప్పుకుంది. నాయన ఇంట్లోకి రాలేదు. పెట్టె అక్కడే దించి, వచ్చిన దారినే తిరిగి మంగలి దగ్గరికి పోయాడు. మళ్ళీ వచ్చేటప్పటికి మూతి నున్నగా ఉంది, మీసం ఉన్నచోట చర్మం తెల్లగా, ఎండ తగలనట్టు. ఇప్పుడు నేను మీ నాయననేనా తల్లీ అన్నాడు. తను పోయి మోకాళ్ళు పట్టుకుంది. మద్రాసులో ఇంకో టాకీకి కూడా మాట్లాడుకున్నారట, మీసంతోనే రమ్మన్నారట, నాయన మళ్ళీ పోలేదు. పిల్ల దడుచుకుంది, ఎందుకొచ్చిన మీసం అని అందరితో అనేవాడు. నిజంగా అదేనా కారణం, లేక వెనక నిలబడటం నచ్చకా, ఎవరు అడిగారు, ఎవరు చెప్పారు. అడగాలన్న ఊహ వచ్చేటప్పటికి అడిగే మనిషి లేడు. ఆ మీసం ఉన్న మొహాన్ని ఒక్క కేక పట్టేంతసేపు చూసింది తను, ఆ కాసేపూ కళ్ళు మూసుకునే ఉంది సగం. ఇప్పుడు అదే మొహాన్ని ఐదుగురిలో ఏరమంటున్నారు.

టాకీ పేట వచ్చినప్పుడు ఊరు ఊరంతా బండ్లు కట్టుకుని పోయింది. తను అమ్మ ఒళ్ళో నిద్రపోయింది, అది ఇప్పటికీ తీరని బాధ. లేచేటప్పటికి జనం నవ్వుకుంటూ బయటికి వస్తున్నారు. ఈటె కనపడిందిరా బాలశౌరీ, నువ్వే కనపడలా! అప్పటి నుంచి ఊళ్ళో ఈటె బాలశౌరి అని పేరు పడిపోయింది, నాయన ఆ పేరుకి కూడా పలికేవాడు. బాధపడ్డాడా అంటే, ఎప్పుడూ అలా కనపడలేదు. క్రిస్మస్‌కి గుడిముందు నాటకం ఆడించేవాడు, ఆడపిల్లల వేషాలు ఆడపిల్లలకే ఇచ్చేవాడు, వాళ్ళ నాన్నల కాళ్ళావేళ్ళా పడి ఒప్పించి. పదమూడేళ్ళప్పుడు తనకి మరియమ్మ వేషం ఇచ్చాడు. ఎక్కడ ఆగాలో, ఎక్కడ చూపు దించాలో తెరపక్క నిలబడి చూపించాడు. నీ వేషం కాదూ ఇది, పిల్లకి ఇవ్వాలనిపించిందా అని అమ్మ దెప్పితే, నాది ఎప్పుడైందే, ఇన్నాళ్ళూ అద్దెకు తెచ్చుకున్నా, సొంతదారులొచ్చి అడిగితే ఇచ్చెయ్యొద్దా అన్నాడు. ఆ మాట తలుచుకుంటే రాజమ్మకి ఇప్పటికీ కడుపు నిండినట్టుంటుంది. మొగుడు తొందరగా పోయినా, మిరప కోతలకి పోయి కొడుకుని పెంచినా, ఎక్కడా చెయ్యి చాచకుండా ఇంతదూరం వచ్చింది, అడిగిన రోజున ఇచ్చేయటం నేర్పిన తండ్రి కూతురు. మీసం ఉన్న మొహం గుర్తులేకపోతే మాత్రం ఏమి, మాట ఉంది కదా. ఉంది గానీ ఫ్లెక్సీమీద మాట వేయలేరే.

“రాజమ్మా, జాన్‌బీ, రండి ఇద్దరూ.”

సుప్రజ చెయ్యి చల్లగా ఉంది. ప్లాస్టర్ ఊడదీస్తుంటే కనుబొమ్మ వెంట్రుకలు కూడా లాక్కుపోయింది. డాక్టరుగారు లైటు వేసి, పైకి చూడు, కిందికి చూడు, బాగుందమ్మా, నీళ్ళు తగలనీయొద్దు, చుక్కలు మరిచిపోవద్దు అన్నారు. మాటలు ఎటో పోతున్నాయి. గోడ. గోడ తెల్లగా ఉంది. తెలుపు ఇంత తెల్లగా ఉంటుందన్న సంగతి ఆమె ఎప్పుడు మరిచిపోయింది. సుప్రజ గోళ్ళకి ఎర్రరంగు, అందులో ఒకదానికి చెక్కులేచింది. ఎదురు కుర్చీలో కొంగు నెత్తిన కప్పుకుని, ముక్కుపుడకతో, పిడికెడంత మనిషి కూర్చుని తనకేసి చూసి నవ్వుతోంది. “నేనేనక్కా” అన్నాక గానీ ఆ గొంతు ఆ మనిషిదని నమ్మబుద్ధి కాలేదు. తలుపు దగ్గర జోయెల్, వాడి చెవులపక్క వెంట్రుకలు నెరిశాయి, ఎప్పుడు నెరిశాయిరా నాయనా.

“ఒక్క నిమిషమే చూపించు, ఎక్కువసేపు వద్దు” అంది సుప్రజ, తను కూడా వంగి చూస్తూ.

జోయెల్ ఫోన్ అడ్డంగా తిప్పి మొహం ముందు పట్టాడు. గీతలు, మచ్చలు, ఆ గీతల వెనక ఒక సభ. సింహాసనం. వెనక ఐదుగురు. రాజమ్మ ఒక్కొక్కరి మొహం దగ్గరా ఆగింది. చివర పొడుగాయన, ముక్కు బాగానే ఉంది, కళ్ళల్లో ఏమీ లేదు. ఆ పక్కన లావాయన. తరవాత ఇద్దరూ కవలల్లాగే ఉన్నారు. ఐదోవాడికి స్తంభం అడ్డం వచ్చి సగం మొహమే ఉంది. ఎవరూ నాయన కాదు. అందరూ నాయనే కావచ్చు. పత్తికుప్పలో తల దూర్చేసిన నాటిలాగే కళ్ళు మూసుకోబోయి, ఆపుకుంది.

“ఎవరు మామ్మా?”

“ఆగు.”

కబురు తెచ్చినవాడు ఏదో చెప్పాడు. రాణి ఒక్క అరుపు అరిచి కూలబడింది. పద్యం మొదలయింది, గొంతు బాగుంది, నాయనంత సాగదీయలేదు గానీ బాగుంది. రాణి తల వాలింది. వెనక నలుగురూ గుంజల్లాగే నిలబడ్డారు. స్తంభం పక్కనున్న ఐదోవాడి చేతిలో ఈటె కుడిచేతి నుంచి మెల్లగా ఎడమచేతికి మారింది. ఖాళీ అయిన కుడిచెయ్యి పైకి లేచింది, ఎడమభుజం దగ్గర లేనిదాన్ని దేన్నో అందుకుంది, రెండువేళ్ళతో పైకి లాగి, గుండెలమీదుగా తెచ్చి, నడుం దగ్గర దోపింది. ఒక్క క్షణం అక్కడే ఆగింది. ఆ తరవాత ఉలిక్కిపడి మళ్ళీ ఈటెమీదికి వచ్చేసింది.

“ఆపు, ఆపరా అక్కడ!” రాజమ్మ నవ్వుతోంది, కొత్తకంట్లో నీళ్ళు తిరుగుతున్నాయి, నీళ్ళు తగలకూడదని సుప్రజ దూదితో వస్తోంది.

“ఎవరు, ఆ స్తంభం పక్కాయనా? అదేంది మామ్మా, భుజం గోక్కుంటన్నాడు.”

“గోక్కోవటం కాదురా పిచ్చోడా. పైట సర్దుకుంటన్నాడు. రాణి ఏడుస్తుంటే నిలవలేకపోయాడు. ఆయనే మా నాయన.”

జోయెల్ వెనక్కి తిప్పి మళ్ళీ చూశాడు. ఇంకోసారి చూశాడు. జాన్‌బీ ఎప్పుడొచ్చిందో వాడి మోచేతి కిందనుంచి తొంగి చూసి, “అవునక్కో, పైటే!” అంది. జోయెల్ ఫహీమ్‌కి ఫోన్ కలిపి, ఆ పొడుగాయన బొమ్మ తీసెయ్యవయ్యా అని చెప్పాడు. చెప్పి, ఫోన్‌మీద చెయ్యి అడ్డం పెట్టి, “మామ్మా, స్తంభం అడ్డమొచ్చి సగం మొకమే కనపడతంది, ఫ్లెక్సీకి బాగోదంటన్నాడు” అన్నాడు.

“సగమే వెయ్యమను” అంది రాజమ్మ. “చెయ్యి మాత్రం మొత్తం పడాల.”